టిఫిన్‌కి ఆలస్యం, మీల్స్‌కి తొందర: వరంగల్‌లో 10:30 నుంచి 12:30 దాకా ఎక్కడ తినాలి?

పొద్దున 10:30 దాటాక హన్మకొండలో గానీ, వరంగల్‌లో గానీ, కాజీపేటలో గానీ హోటల్ మెట్లెక్కితే తరచుగా వినిపించే మాట ఒకటుంది: "టిఫిన్ అయిపోయింది సార్, మీల్స్ ఇంకా కాలేదు." ఇంటి దగ్గర ఉండేవాళ్లకు దీంతో ఇబ్బంది లేదు. ములుగు నుంచో భూపాలపల్లి నుంచో తెల్లారకముందే బస్సెక్కి ఎంజీఎం హాస్పిటల్‌కి వచ్చినవాళ్ల సంగతి వేరు. ఓపీ చీటీ రాయించుకుని, డాక్టర్‌కి చూపించుకుని బయటపడేది సరిగ్గా ఆ వేళకే. ఎనుమాముల మార్కెట్‌కి పత్తి, మిర్చి తెచ్చిన రైతు జెండా పాట (ఆ రోజు ధర తేల్చే వేలం) అయ్యేదాకా బస్తాల దగ్గర్నుంచి కదలలేడు. కోర్టు వాయిదాకు వచ్చినవాళ్లు, పొద్దుటి పరీక్ష రాసి బయటికొచ్చే పిల్లలు, కాజీపేటలో రైలు దిగి ఇంకో రైలు కోసం చూసేవాళ్లు, అందరికీ ఆకలి ఈ రెండు గంటల్లోనే వేస్తుంది. ఊళ్లో ఏదీ సరిగ్గా దొరకని సమయం కూడా ఇదే.

దొరకదంటే అసలే దొరకదని కాదు. టిఫిన్ బండి, పెద్ద వెజ్ హోటల్, మెస్, బిర్యానీ హోటల్, కర్రీ పాయింట్, బేకరీ, పిజ్జాలు చికెన్ అమ్మే చెయిన్ షాపులు, వీటిలో ఏదో ఒకటి తెరిచే ఉంటుంది. అయితే ఒక్కోటి ఒక్కో వేళకు బాగుంటుంది. అరగంట అటూ ఇటూ అయితే అదే హోటల్లో అదే వంటకం తినబుద్ధి కాదు. నా సలహా ఒక్కటే: ఈ రెండు గంటల్లో మీరు అడిగిన తర్వాత పొయ్యి మీదకు ఎక్కే వంటకాన్నే ఎంచుకోండి. ఎప్పుడో వండి డబ్బాలో పెట్టినది ఎంత పేరున్న హోటల్‌దైనా వదిలేయండి.

వంటింట్లో ఈ వేళ ఏం జరుగుతుంది

టిఫిన్ మాస్టర్ పని తెల్లవారుజామున నాలుగింటికి ముందే మొదలవుతుంది. ఇడ్లీ, దోశ పిండి ముందు రోజు సాయంత్రమే రుబ్బి పులియబెడతారు. ఎండాకాలంలో ఆరేడు గంటల్లోనే గిన్నె దాటి పొంగుతుంది, డిసెంబర్ చలిలో పది పన్నెండు గంటలు గడిచినా ఒక్కోసారి సరిగ్గా పులవదు. అందుకే రేపటికి ఎంత పిండి కావాలో ఈ రోజే లెక్క వేసుకోవాలి. పది గంటలకు జనం ఎక్కువగా వచ్చారని అప్పటికప్పుడు పిండి తయారు చేయడం ఎవరి వల్లా కాదు. కాబట్టి టిఫిన్ సెంటర్ ఆయన "పిండి అయిపోయింది" అంటే నమ్మండి, బతిమాలి లాభం లేదు. ఆదివారాల్లో, పండుగ సెలవుల్లో ఆ మాట ఇంకో అరగంట ముందే వినిపిస్తుంది.

పెద్ద హోటళ్లలో పరిస్థితి ఇంకోలా ఉంటుంది. అక్కడ పిండి మిగిలి ఉన్నా పొయ్యి ఖాళీ ఉండదు. పదింటికే ఒక పొయ్యి మీద పప్పు, ఇంకో దాని మీద సాంబారు, పెద్ద గంజులో అన్నానికి ఎసరు. ఇడ్లీ పాత్ర దించి కడిగి పక్కన పెట్టేస్తారు, ఆ పొయ్యి కూరలకు కావాలి. టిఫిన్ మాస్టర్ 11 గంటల ప్రాంతంలో ఆప్రాన్ విప్పి వెళ్లిపోతాడు, కూరల మాస్టర్‌కి అప్పుడే అసలు పని. హాల్లో పిల్లలు బల్లలు తుడిచి మీల్స్ ప్లేట్లు సర్దుతుంటారు. సప్లయర్ల భోజనాలు కూడా జనం రాకముందే, ఈ వేళలోనే అవుతాయి. అందుకే మీరు పిలిచినా ఎవరూ వెంటనే రారు. అది నిర్లక్ష్యం అనుకోకండి. తెల్లవారుజాము నుంచి నిలబడి పనిచేసిన మనుషులు కూర్చునే మొదటి పావుగంట అది.

చిట్టచివరికి ఆగేది పెనం. ఇడ్లీ ఆగినా, వడ ఆగినా, పూరీల నూనె దించేసినా, దోశ పెనం మాత్రం చాలా చోట్ల 11 దాటే వరకు వేడిగానే ఉంటుంది. ఒకసారి ఆర్పితే అంత పెద్ద పెనం మళ్లీ వేడెక్కాలంటే చాలా సేపు పడుతుంది, అందుకని పిండి ఉన్నంతసేపూ ఆర్పరు. ఈ ఒక్క సంగతి గుర్తుంటే చాలా వరకు గట్టెక్కినట్టే.

గడియారం చూసి మెనూ మార్చేసే చోట్లు

పెద్ద ఫాస్ట్ ఫుడ్ చెయిన్లలో మార్పు ఇలా మెల్లమెల్లగా జరగదు. అమెరికాలో మెక్‌డొనాల్డ్స్ చాలా శాఖల్లో పొద్దుటి మెనూ 10:30కి ఆగిపోతుంది, శని ఆదివారాల్లో కొన్ని చోట్ల 11 దాకా నడుస్తుంది. కారణం అక్కడా వంటిల్లే. గుడ్డు వేయించడానికి పెనం ఒక వేడిలో ఉండాలి, బర్గర్‌లోకి మాంసం కాల్చడానికి అంతకన్నా బాగా ఎక్కువ వేడి కావాలి. ఉన్న పెనాలు కొన్నే, స్థలమూ కొంతే. రెండూ ఒకేసారి చేయాలంటే ఒకటి ఇంకోదానికి అడ్డం పడుతుంది. 2015 అక్టోబర్‌లో ఆ కంపెనీ అమెరికాలో రోజంతా బ్రేక్‌ఫస్ట్ ఇవ్వడం మొదలుపెట్టింది. జనానికి నచ్చింది, వంటింట్లో మాత్రం పని చిక్కుపడి కొన్ని చోట్ల ఆర్డర్లు ఆలస్యమయ్యాయి. 2020 మార్చిలో కరోనా వచ్చినప్పుడు పని తేలిక చేసుకోవడానికి దాన్ని ఆపేశారు. అంత డబ్బు, అన్ని యంత్రాలు ఉన్న సంస్థే రెండు పూటల వంట ఒకే పొయ్యి మీద నడపలేక ఆపేసిందంటే, మన హోటల్ ఆయన "పది నిమిషాలు ఆగండి" అన్నప్పుడు కోప్పడాల్సిన పని లేదు.

మన దేశంలో ఆ కంపెనీ 1996లో అడుగుపెట్టింది. బ్రేక్‌ఫస్ట్ పెట్టే శాఖల్లో సాధారణంగా 11 గంటలకు మెనూ మారుతుంది. అన్ని శాఖల్లోనూ బ్రేక్‌ఫస్ట్ ఉండదు. వరంగల్ నుంచి పనిమీద హైదరాబాద్ వెళ్లేవాళ్లు, ఎయిర్‌పోర్ట్‌కి పిల్లల్ని దింపడానికి వెళ్లేవాళ్లు ఒకటి గుర్తుంచుకోవాలి. ఇలాంటి చోట మీరు లైన్‌లో ఎప్పుడు నిలబడ్డారన్నది లెక్కలోకి రాదు, బిల్లు కొట్టిన సమయమే లెక్క. కౌంటర్ మీది స్క్రీన్ మారిపోయాక అక్కడున్న అబ్బాయికి పాత మెనూ ఇవ్వాలని ఉన్నా ఇవ్వలేడు. ఫోన్ యాప్‌లో కూడా ఆ వంటకాలు సమయానికి మాయమైపోతాయి. ఇంకో పది నిమిషాలే ఉంటే లైన్‌లో నిలబడకుండా ముందే యాప్‌లో ఆర్డర్ పెట్టడం మంచిది.

మన హన్మకొండలో పిజ్జా, ఫ్రైడ్ చికెన్ అమ్మే చెయిన్ శాఖలు టిఫిన్ జోలికి పోవు. వాటి షట్టర్ లేచేదే చాలావరకు 11 ప్రాంతంలో. అంటే అక్కడ మారడానికి ఏమీ లేదు, మొదటి ఆర్డరే లంచ్. తెరిచిన వెంటనే వెళ్తే హాలు ఖాళీగా, ఏసీ చల్లగా ఉంటుంది, ఏదైనా వేడిగా వస్తుంది. చిన్నపిల్లలతో బయటికి వచ్చి, వాళ్లు ఇడ్లీ వద్దని మారాం చేస్తుంటే ఇది పనికొస్తుంది. ఇంకో మంచి గుణం కూడా చెప్పాలి: ఇలాంటి షాపుల్లో వండినది ఎంతసేపు ఉంచవచ్చో గడువు పెట్టుకుంటారు, గడువు దాటితే పారేయాలన్నది వాళ్ల నియమం. చాలా హోటళ్లలో ఆ అలవాటు లేదు, రావాలి. అయితే ధర ఎక్కువ, ఉప్పు ఎక్కువ. బీపీ ఉన్న పెద్దవాళ్లను తీసుకుని అక్కడికి వెళ్లమని నేను చెప్పను.

రెండు పద్ధతుల్లో నాకు మన హోటళ్లదే ఇష్టం. సమయం అయిపోయినా నోటితో అడిగే అవకాశం ఉంటుంది. "అన్నా, పాప పొద్దుటి నుంచి ఏం తినలే, పెనం ఇంకా వేడిగనే ఉన్నదా?" అంటే, పిండి ఉంటే రెండు దోశలు పోసి ఇచ్చే మాస్టర్లే ఎక్కువ. స్క్రీన్‌ని అలా అడగలేం.

10:30 నుంచి 11:15 వరకు: దోశ

ఈ ముప్పావు గంటలో దోశకు పోటీ లేదు. ప్లెయిన్ దోశ, ఉల్లి దోశ, పెసరట్టు, ఊతప్పం ఏదైనా సరే, మీ కళ్ల ముందే పోసి, కాల్చి ఇస్తారు. పొద్దుటి నుంచి నిలవ ఉన్న వంటకానికి ఇక్కడ చోటే లేదు. అదే ఇడ్లీ అయితే, చివరి వాయి 9:30కో 10కో దించి హాట్ బాక్స్‌లో పెట్టి ఉంటారు. అడగడంలో తప్పులేదు: "ఇడ్లీ ఎప్పుడు దించిన్రన్నా?" సమాధానం ఠక్కున వస్తే తినండి. చెప్పేవాడు పక్కవాడి మొహం చూస్తే దోశ చెప్పండి.

పూరి, మైసూర్ బజ్జి, వడల విషయంలో ఇంకా గట్టిగా ఉండాలి. ఇవి అప్పటికప్పుడు వేయిస్తే అద్భుతం. కానీ ఈ వేళకు బుట్టలో మిగిలినవాటిని మళ్లీ ఒకసారి నూనెలో ముంచి వేడిగా ఇచ్చేవాళ్లున్నారు. వేడిగా ఉంది కదా అని తాజా అనుకోవద్దు. రెండోసారి వేగిన బజ్జి ముదురు రంగులో ఉంటుంది, పైపొర గట్టిపడి లోపల నూనె పీల్చుకుని ఉంటుంది. విరిస్తే తెలిసిపోతుంది. ఐదు గంటలుగా మరుగుతున్న నూనె కూడా 11 గంటలకు ఆరింటికి ఉన్నట్టు ఉండదు.

అసలు జాగ్రత్త పడాల్సింది చట్నీ దగ్గర. జనం దోశ మీదే చూపు పెడతారు, చట్నీ సంగతి మరిచిపోతారు. పొద్దున ఆరింటికి రుబ్బిన పల్లి చట్నీ, కొబ్బరి చట్నీ 11 అయ్యేసరికి ఐదు గంటల పాతది. వండిన ఆహారం గది వేడిలో రెండు గంటలకు మించి ఉంచకూడదని, వేడిగా ఉంచాలంటే 60 డిగ్రీల పైన ఉంచాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. మన ఏప్రిల్, మే ఎండల్లో వంటిల్లు ఎంత వేడిగా ఉంటుందో చెప్పనక్కర్లేదు. కొబ్బరి చట్నీ అన్నిటికన్నా ముందు పాడవుతుంది. కొద్దిగా వేలితో నాకి చూసి, పుల్లటి వాసన తగిలితే పక్కన పెట్టేయండి. ఆ వేళకు నేనైతే అల్లం చట్నీ గానీ కారప్పొడి, నెయ్యి గానీ అడుగుతాను. చింతపండు, బెల్లం, కారం పడ్డ అల్లం చట్నీ మిగతావాటి కన్నా నిలుస్తుంది. పొయ్యి మీద మరుగుతూ ఉన్న సాంబారైతే భయం లేదు, బకెట్‌లో తెచ్చి గోరువెచ్చగా పోసేదైతే వద్దు.

బండి మీద తినాలా, హోటల్లో కూర్చుని తినాలా అంటే, ఈ వేళకు హోటలే. తొమ్మిదింటికైతే నేను బండికే ఓటు వేస్తాను. అక్కడ వాయి వెంట వాయి దిగుతుంటుంది, ఏదీ నిలవ ఉండదు, ధరా తక్కువ. అదే బండి 10:45కి చివరి సరుకు అమ్ముకునే పనిలో ఉంటుంది, ప్లేట్లు కడిగే నీళ్లు కూడా అప్పటికి పాతబడతాయి.

11:15 నుంచి 11:50 వరకు: ఆగడమే మంచిది

ఈ అరగంటలో తప్పనిసరి అయితే తప్ప కూర్చుని పెద్ద భోజనం చేయొద్దని చెబుతాను. పెనం ఆరిపోయి ఉంటుంది, అన్నం ఇంకా వార్చి ఉండదు. ఇప్పుడు టేబుల్ మీదకు వచ్చేది మిగిలిన ఉప్మానో, పొద్దుటి టమాట బాత్‌నో, తెల్లవారుజామున కలిపిన పులిహోరనో. వీటిలో పులిహోర ఒక్కటే కొంత నమ్మదగ్గది, చింతపండు పులుపు దాన్ని కాపాడుతుంది. ఉప్మా మాత్రం వద్దు.

ఈ వేళకు రెండు అరటిపండ్లు, ఒక గ్లాసు సల్ల చాలా హాయి. హన్మకొండ చౌరస్తాలో, బస్టాండ్ దగ్గర, ఎంజీఎం ఎదురుగా పండ్ల బండ్లకు లోటు లేదు. కోసి పెట్టిన బొప్పాయి, పుచ్చకాయ ముక్కలు కాకుండా తొక్క ఉన్న పండు కొనండి. ఐస్ వేసిన మజ్జిగ కన్నా మూసి ఉన్న ప్యాకెట్ మజ్జిగ మేలు, ఐస్ ఏ నీళ్లతో చేశారో మనకు తెలియదు.

బేకరీ ఇంకో మార్గం. పఫ్‌లు చాలా బేకరీల్లో పొద్దున ఒక ట్రే, సాయంత్రం ఒక ట్రే ఓవెన్‌లోంచి వస్తాయి. వేడి ట్రే కనిపిస్తే ఎగ్ పఫ్, చాయ్‌తో ఒక గంట గడిచిపోతుంది. అద్దాల పెట్టెలో బల్బు కింద ఉన్నవాటి జోలికి పోకండి. ఫ్రైడ్ రైస్, నూడుల్స్ అమ్మే ఫాస్ట్ ఫుడ్ సెంటర్లు ఈ వేళకు ఎక్కువగా మూసే ఉంటాయి, వాటి కాలం సాయంత్రమే. ఒకవేళ తెరిచి ఉన్నా, ఫ్రైడ్ రైస్‌కి ముందే వండి ఆరబెట్టిన అన్నం వాడతారు కాబట్టి ఆ అన్నం ఎప్పటిదో అడగకుండా తినొద్దు. బయట ఉంచిన అన్నంలో పెరిగే ఒక రకం బ్యాక్టీరియా విషాన్ని మళ్లీ వేయించినా పోగొట్టలేం.

12 గంటలకు: మీల్స్, బిర్యానీ, కర్రీ పాయింట్

ఇంతసేపు ఆగినవాళ్లకు 12 గంటలకు మంచి భోజనం దొరుకుతుంది. మీల్స్ హోటల్లో మొదటి పంక్తి ఎప్పుడూ ఉత్తమం. అన్నం పొగలు కక్కుతూ ఉంటుంది, పప్పు గంజు అప్పుడే దించి ఉంటారు, అప్పడాలు కరకరలాడతాయి, పెరుగు పులిసి ఉండదు. రెండు దాటాక వెళ్తే అదే డబ్బుకు అడుగంటిన సాంబారు, నీళ్లు పోసిన చారు. హాలు కూడా 12కి ఖాళీగా ఉంటుంది, 1 గంటకు నక్కలగుట్ట, సుబేదారి వైపు ఆఫీసుల వాళ్లు వచ్చాక నిలబడి ఎదురుచూడాలి.

ఫుల్ మీల్స్ తీసుకోవాలా, ప్లేట్ మీల్స్ తీసుకోవాలా? పొద్దున ఏమీ తినని మనిషి ఫుల్ మీల్స్‌కి కూర్చోవాలి, అందులో సందేహం లేదు. పదింటికి రెండు ఇడ్లీలు తిన్నవాళ్లకు ప్లేట్ మీల్స్ సరిపోతుంది. ముసలివాళ్లతో వెళ్తే ముందే ఒక మాట చెప్పి కారం తక్కువ పప్పు, పెరుగన్నం అడగండి. మొదటి పంక్తిలో అయితే వాళ్లకు వినే తీరిక ఉంటుంది.

నైమ్‌నగర్, కిషన్‌పుర చుట్టుపక్కల విద్యార్థుల మెస్సులు పెద్ద హోటళ్ల కన్నా కాస్త ముందే సిద్ధమవుతాయి. రుచి ఇంటివంటకు దగ్గర, నూనె తక్కువ, ధర తక్కువ. రోజూ ఒకే మనుషులు తింటారు కాబట్టి పాడైన కూర పెడితే మర్నాడే తెలిసిపోతుంది. ఆ భయం వల్లే మెస్సు వంట నాకు నమ్మకం. బయటివాళ్లకు పెడతారా అని అడిగి వెళ్లండి, చాలాచోట్ల పెడతారు.

బిర్యానీ హోటళ్లు బోర్డు మీద 11 అని రాసినా హండీ మూత తీసేది 11:30కి, 12కి మధ్యలో. దమ్ పూర్తి కాకముందే ఒత్తిడి చేస్తే ముక్క ఉడకని బిర్యానీ వస్తుంది, ముఖ్యంగా మటన్‌లో. మూత తీసిన వెంటనే దొరికే బిర్యానీకి సాటి లేదు, అది నిజమే. కానీ ఖాళీ కడుపుతో, మధ్యాహ్నం ఇంకా ప్రయాణం ఉన్నప్పుడు అది బరువవుతుంది. బస్సులో నిద్రపోయేవాళ్లకు సరే, బండి నడిపేవాళ్లకు వద్దు.

గదుల్లో ఉండి కోచింగ్‌కి, కాలేజీకి వెళ్లేవాళ్లకు ఇవేవీ అక్కర్లేదు. ఒక చిన్న రైస్ కుక్కర్, దగ్గర్లో ఒక కర్రీ పాయింట్ ఉంటే చాలు. కర్రీ పాయింట్లు 11:30కల్లా కూరలు దించుతాయి. 12 లోపు వెళ్తే ఎంచుకోవడానికి ఎక్కువ రకాలుంటాయి, ఆకుకూర పప్పు ముందుగా అయిపోతుంది. వేడి కూర పలచటి ప్లాస్టిక్ కవర్లలో కట్టించుకోవద్దు, ఇంటి నుంచి స్టీలు డబ్బా తీసుకెళ్లండి. పోసేవాళ్లు ఒక గరిటె ఎక్కువే పోస్తారు.

హాస్పిటల్ పనిమీద వచ్చినవాళ్లకు

ఇక్కడ కొంచెం ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే ఉత్తర తెలంగాణ జిల్లాల నుంచి వరంగల్ వచ్చేవాళ్లలో ఎంతోమంది వచ్చేది వైద్యం కోసమే.

షుగర్ పరీక్షకు పరగడుపున రక్తం ఇచ్చాక, తిని మళ్లీ ఇవ్వాలి. ఆ రెండు గంటలు తినడం మొదలుపెట్టినప్పటి నుంచి లెక్క. 10:30కి మొదటి ముద్ద పెట్టుకుంటే 12:30కి రెండో రక్తం. ల్యాబ్ ఎన్నింటికి మూస్తారో కనుక్కుని దాన్నిబట్టి తినండి. రోజూ ఇంట్లో ఏం తింటారో అలాంటిదే, అంతే తినాలి. షుగర్ తక్కువ రావాలని ఒక్క ఇడ్లీతో సరిపెట్టుకుంటే డాక్టర్‌కి తప్పు లెక్క వెళ్తుంది, మందు తప్పుతుంది. ఈ మధ్యలో చాయ్, బిస్కెట్, పండ్లు ఏవీ వద్దు. రెండు గంటలు మంచినీళ్లే.

ఇన్సులిన్ తీసుకునేవాళ్లు, షుగర్ టాబ్లెట్ వేసుకున్నవాళ్లు మీల్స్ కోసం 12 దాకా ఆగకూడదు. పైన అరటిపండు తిని ఆగమన్నది వీళ్లకు వర్తించదు. చెమటలు పట్టడం, చేతులు వణకడం, కళ్లు తిరగడం కనిపిస్తే షుగర్ పడిపోతున్నట్టు. అప్పుడు హోటల్ వెతకొద్దు. మూడు చెంచాల చక్కెర నీళ్లలో కలిపి తాగించి, పావుగంట తర్వాత కూడా తగ్గకపోతే మళ్లీ ఇవ్వండి. తేరుకున్నాక ఏదైనా గట్టి ఆహారం పెట్టండి. స్పృహ సరిగ్గా లేని మనిషి నోట్లో ఏమీ పోయకూడదు, వెంటనే హాస్పిటల్‌ లోపలికే తీసుకెళ్లాలి. ఊరి నుంచి బయల్దేరేటప్పుడే సంచిలో కొంచెం చక్కెర, ఒక జొన్నరొట్టె లేదా రెండు చపాతీలు, ఉల్లిగడ్డ కారం పెట్టుకుంటే ఈ టెన్షన్ ఉండదు. ఏ హోటల్‌తో పోల్చినా 10:30 నుంచి 12 దాకా ఇంటి సద్దే మొదటి ఎంపిక, పెట్టుకునే వీలున్నప్పుడు.

రోగి వెంట వచ్చినవాళ్లు తమ ఆకలి సంగతి మరిచిపోతారు. ఇద్దరు ఉంటే ఒకరు 10:45కి వెళ్లి దోశ తిని రావాలి, రెండోవాళ్లు 12కి భోజనానికి వెళ్లాలి. ఇద్దరూ తిన్నట్టుంటుంది, రోగి ఒంటరిగా ఉండడు.

దారిలో ఉన్నప్పుడు

వరంగల్ నుంచి రామప్ప, లక్నవరం వెళ్లేవాళ్లు 11 ప్రాంతంలో బయల్దేరుతుంటే, ఊళ్లోనే దోశ తినేసి వెళ్లండి. 2021లో యునెస్కో గుర్తింపు వచ్చాక రామప్పకు జనం పెరిగారు. అయినా ములుగు దాటాక హన్మకొండలో ఉన్నన్ని హోటళ్లు ఉండవు. గుడి చూసుకుని తినేసరికి రెండు దాటుతుంది. ఒక పెద్ద టిఫిన్, చేతిలో పండ్లు, వెనక్కి వస్తూ భోజనం, ఈ వరస బాగా కుదురుతుంది.

హైదరాబాద్ రోడ్డు మీద అయితే తొందరపడక్కర్లేదు. జనగామ, ఆలేరు, భువనగిరి వైపు హైవే హోటళ్లలో టిఫిన్, మీల్స్ రెండూ కొంతసేపు కలిసి నడుస్తాయి, బస్సుల రాకపోకలను బట్టి వాళ్లు పొయ్యి నడుపుతారు. అక్కడ కూడా అదే నియమం, జనం ఉన్న చోట పోసే దోశ. ఖాళీ హోటల్లో "అన్నీ ఉన్నాయి" అనే మాట నమ్మకండి.

కాజీపేట జంక్షన్‌లో రైలు మారేవాళ్లకు మధ్యలో గంట కన్నా తక్కువ ఉంటే స్టేషన్ దాటి బయటికి వెళ్లొద్దు. ప్లాట్‌ఫామ్ మీద ఈ వేళకు అమ్మే ఇడ్లీ వడ ప్యాకెట్ పొద్దుటిదే అయ్యే అవకాశం ఎక్కువ. బిస్కెట్, అరటిపండు, పాలతో సరిపెట్టుకుని, తర్వాతి రైల్లో పప్పన్నమో ఎగ్ బిర్యానీయో 12:30 దాటాక తీసుకోండి.

ఇంట్లో కూర్చుని ఫోన్‌లో ఆర్డర్ పెట్టేవాళ్లకు ఒక మాట. 10:30 దాటాక యాప్‌లో ఇడ్లీ, వడ కనిపిస్తున్నంత మాత్రాన హోటల్లో ఉన్నాయని అనుకోకండి. చాలా హోటళ్లు ఆ జాబితాను సమయానికి మార్చవు. ఆర్డర్ తీసుకుని ఇరవై నిమిషాల తర్వాత రద్దు చేస్తే, అప్పటికి దోశ వేళ కూడా దాటిపోతుంది. ఆర్డర్‌కి ముందు హోటల్‌కే ఫోన్ చేసి "ఇప్పుడు పెనం మీద ఏముంది" అని అడగండి. పార్శిల్‌లో దోశ మెత్తబడుతుంది కాబట్టి ఇంటికి తెప్పించుకునేవాళ్లు ఊతప్పం చెప్పుకోండి, అది చల్లారినా తినవచ్చు. చట్నీ ఇంట్లోనే చేసుకోండి.